చూడని రాత్రుల జ్ఞాపకం: బరియల్ సంగీతంలో యవ్వనం, అజ్ఞాతం

క్లుప్తంగా: లండన్‌కు చెందిన ఎలక్ట్రానిక్ సంగీతకారుడు బరియల్ 2005 నుంచి తెస్తున్న రికార్డులు దాదాపు అన్నీ ఒకే విషయం చుట్టూ తిరుగుతాయి. 1990ల నాటి రేవ్ రాత్రులు (తెల్లవార్లూ డాన్స్ చేసే పార్టీలు), అప్పటి కుర్రకారు, ఆ తర్వాత మిగిలిన వెలితి. ఆ రాత్రులకు ఆయన స్వయంగా వెళ్లలేదు. మొదటి మూడేళ్లు ఆయనెవరో కూడా శ్రోతలకు తెలియదు. ఈ రెండూ వేర్వేరు సంగతులుగా కనిపిస్తాయి గానీ, ఒకదాని బలం మరొకదానిలో ఉంది.

మళ్లీ ఈ చర్చ ఎందుకు

2025 జూన్, జులై నెలల్లో ‘ది వెల్వెట్ సన్‌డౌన్’ అనే బ్యాండ్ పేరు సంగీత వార్తల్లో మార్మోగింది. స్పాటిఫైలో నెలకు పది లక్షల మందికి పైగా వింటున్న ఆ బ్యాండ్‌లో అసలు మనుషులే లేరు. 1970ల రాక్‌ను తలపించే పాటలు, సభ్యుల ఫొటోలు ఏఐ సాయంతో పుట్టినవేనని చివరికి ఆ బ్యాండ్ ప్రొఫైల్‌లోనే ఒప్పుకున్నారు. అప్పటి నుంచి ముఖం చూపించని సంగీతకారుడు ఎక్కడ తారసపడినా ‘ఇంతకీ మనిషేనా?’ అని అడగడం మామూలైంది. పాతకాలపు రుచి ఉండి, కళాకారుడి ఆచూకీ లేకపోతే అది మోసమేనన్న మాట కూడా వినిపిస్తోంది.

అది తొందరపాటు మాట. ఏఐ పాటలు రాకముందే ఈ రెండు లక్షణాలనూ కలిపి, ఈ శతాబ్దపు ఎలక్ట్రానిక్ సంగీతంలో అతి విలువైన పనుల్లో ఒకదాన్ని చేసిన మనిషి ఉన్నాడు. ఆయన రికార్డులను వరసగా పెట్టుకుని చూస్తే అజ్ఞాతం ఎప్పుడు కళలో భాగమవుతుందో, ఎప్పుడు ముసుగుగా మిగిలిపోతుందో తేల్చుకోవచ్చు.

ఎవరీ బరియల్

2005లో హైపర్‌డబ్ అనే చిన్న లండన్ లేబుల్ (రికార్డు కంపెనీ) ‘సౌత్ లండన్ బరోస్’ అనే రికార్డు విడుదల చేసింది. లేబుల్‌ను నడిపేది కోడ్‌నైన్ పేరుతో డీజేగా తెలిసిన స్టీవ్ గుడ్‌మన్. బరియల్ అన్న పేరు వెనుక ఎవరున్నారో ఆయన చెప్పలేదు. 2006లో బరియల్ పేరుతోనే మొదటి ఆల్బమ్ వచ్చింది. ఆ ఏడాది మేటి రికార్డుగా ‘ది వైర్’ సంగీత పత్రిక దాన్నే ఎంచుకుంది. 2007 నవంబరులో రెండో ఆల్బమ్ ‘అన్‌ట్రూ’ వచ్చాక పేరు లండన్ దాటి పాకింది.

2008 ఫిబ్రవరిలో ఇండిపెండెంట్ పత్రిక ఆయన పేరు విలియం బెవన్ అని రాసింది. పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. జులైలో ‘అన్‌ట్రూ’ బ్రిటన్‌లో మేటి ఆల్బమ్‌కు ఇచ్చే మెర్క్యురీ ప్రైజ్ తుది జాబితాకు చేరాక మాత్రం కథ మారింది. సన్ పత్రిక ‘బరియల్ ఎవరు’ అంటూ వేట మొదలుపెట్టింది. అప్పటికే పేరున్న ఎలక్ట్రానిక్ సంగీతకారులు ఏఫెక్స్ ట్విన్ అని కొందరు, ఫ్యాట్‌బాయ్ స్లిమ్ అని కొందరు ఊహించారు. ఆగస్టులో ఆయనే మైస్పేస్ అనే సోషల్ మీడియా సైట్‌లో ఒక ఫొటో పెట్టి, తన పేరు చెప్పి, తాను హడావుడి లేని మనిషిననీ, పాటలు చేసుకోవడమే తనకు కావలసిందనీ రాశారు. బహుమతి ఎల్బో బ్యాండ్‌కు వెళ్లింది. బరియల్ తన పనిలోకి తిరిగి వెళ్లిపోయారు.

పేరు బయటపడ్డాక కూడా ఏమీ మారలేదన్నది ఇక్కడ గమనించాల్సిన విషయం. కచేరీలు లేవు, టీవీ లేదు, ఇంటర్వ్యూలు దాదాపు ఆగిపోయాయి. 2007 తర్వాత ఆయన పూర్తి నిడివి ఆల్బమ్ అంటూ ప్రకటించింది లేదు. రెండు, మూడు పాటల చిన్న రికార్డులే ఏడాదికో రెండేళ్లకో ఒకటి వస్తూ వచ్చాయి. వాటిలో చాలావాటిని 2019లో ‘ట్యూన్స్ 2011–2019’ పేరుతో ఒకచోట చేర్చితే రెండున్నర గంటల సంగీతం అయింది. ఒకే ఊరి గురించి, ఒకే వయసు గురించి విడతలుగా సాగిన ధారావాహిక అది.

ఆ రాత్రులు ఏమయ్యాయి

ఈ సంగీతం దేన్ని తలుచుకుంటోందో తెలియాలంటే బ్రిటన్‌లో రేవ్ కథ కొంత తెలియాలి. 1988 వేసవిలో లండన్, మాంచెస్టర్ క్లబ్బుల్లో యాసిడ్ హౌస్ అనే ఎలక్ట్రానిక్ డాన్స్ సంగీతం ఊపందుకుంది. మరుసటి ఏడాదికల్లా లండన్ చుట్టూ ఉన్న ఎం25 రింగురోడ్డు వెంబడి పొలాల్లో, ఖాళీ గోదాముల్లో వేల మంది తెల్లవార్లూ ఆడే పార్టీలు మొదలయ్యాయి. ఎక్కడ జరుగుతుందో ముందుగా చెప్పేవారు కాదు. ఇచ్చిన నంబరుకు ఫోన్ చేస్తే చివరి గంటల్లో దారి తెలిసేది. 1992 మే నెలలో వూస్టర్‌షైర్‌లోని కాసిల్‌మోర్టన్ కామన్‌లో దాదాపు వారం పాటు సాగిన ఉచిత పార్టీకి ఇరవై వేలకు పైగా జనం వచ్చారు. దేశమంతా అదే వార్త అయింది.

దాని పర్యవసానం 1994 నాటి క్రిమినల్ జస్టిస్ అండ్ పబ్లిక్ ఆర్డర్ చట్టం. వంద మంది, అంతకు మించి ఆరుబయట రాత్రిపూట పెద్ద శబ్దంతో సంగీతం పెట్టుకుంటే చెదరగొట్టే అధికారం దాని 63వ సెక్షన్ పోలీసులకు ఇచ్చింది. ఆ సంగీతంలోకి ‘వరసగా తిరిగి తిరిగి వచ్చే బీట్ల’ శబ్దాలు కూడా వస్తాయని ప్రత్యేకంగా రాశారు. ఒక తాళపు తీరును చట్టంలోకి ఎక్కించడం అరుదైన సంగతి. అప్పటి పాలకులు ఆ కుర్రకారును ఎంత భయంగా చూశారో ఆ ఒక్క వాక్యం చెబుతుంది.

పొలాల నుంచి జనం క్లబ్బుల్లోకి మళ్లారు. డాన్స్ సంగీతంలో కొత్త రకాలు పుట్టాయి: జంగిల్ వచ్చింది, తర్వాత గ్యారేజ్, అందులోంచి టూ-స్టెప్. ఎత్తయిన అపార్టుమెంట్ల పైకప్పుల మీద దొంగచాటుగా యాంటెన్నాలు నిలబెట్టి నడిపే పైరేట్ రేడియో స్టేషన్లు వీటిని ఇంటింటికీ చేర్చాయి. 2000 ప్రాంతంలో గ్యారేజ్ పాటలు బ్రిటిష్ టాప్ చార్టులకెక్కాయి. ఆ వెలుగు కొన్నేళ్లే. కార్యక్రమం పెట్టాలంటే ఎలాంటి సంగీతమో, ఎవరు పాడతారో ముందే రాసివ్వమంటూ లండన్ పోలీసులు 2005లో ఫారం 696 తెచ్చారు. నల్లజాతి యువతకు దగ్గరైన సంగీతాన్నే అది గురిపెట్టిందన్న విమర్శల తర్వాత 2017లో రద్దు చేశారు. బరియల్ మొదటి రికార్డు వచ్చే నాటికి, ఆ సంగీతం గురించి చెప్పుకునేవాళ్లు ఉన్నారు గానీ అది మోగే చోట్లు తగ్గిపోయాయి.

అన్నయ్య తెచ్చిన రికార్డులు

2007 చివర్లో ‘ది వైర్’ కోసం విమర్శకుడు మార్క్ ఫిషర్‌కు ఇచ్చిన ఇంటర్వ్యూలో బరియల్ ఒక మాట దాచకుండా చెప్పారు. తాను ఏ ఉత్సవానికీ వెళ్లలేదనీ, పొలంలో రేవ్‌కు గానీ పెద్ద గోదాములో పార్టీకి గానీ వెళ్లలేదనీ, వాటి గురించి వినడం, కలగనడం మాత్రమే చేశాననీ అన్నారు. అన్నయ్య ఇంటికి తెచ్చే రికార్డులే ఆయనకు ఆ లోకపు కిటికీ. తెలుగిళ్లలోనూ అన్నయ్య హాస్టల్ నుంచి తెచ్చిన క్యాసెట్లను చాటుగా విని, ఆ పాటల వెనకున్న కాలేజీ జీవితాన్ని తానే బతికినట్టు ఊహించుకున్న తమ్ముళ్లు ఎందరో. ఆ ఊహలో ఎండ, అలసట, ఇంటికొచ్చాక తిట్లు ఉండవు. విన్న జ్ఞాపకం బతికిన జ్ఞాపకం కన్నా శుభ్రంగా ఉంటుంది. అందుకే దాని మీద బెంగ కూడా ఎక్కువ.

ఫిషర్ దీన్ని హాంటాలజీ అనే భావనతో చదివాడు. 1993లో ఫ్రెంచి తత్వవేత్త జాక్ డెరిడా ఒక పుస్తకంలో వాడిన మాట అది. పోయినదీ కాక, ఉన్నదీ కాక, నీడలా వెంటాడేదని దాని భావం. 2000ల మధ్యలో ఫిషర్, మరో విమర్శకుడు సైమన్ రేనాల్డ్స్ దాన్ని సంగీత విమర్శలోకి తెచ్చారు. వాళ్ల వాదన ప్రకారం ఈ సంగీతం తలుచుకునేది గతాన్ని కాదు, ఆ గతం మాట ఇచ్చి నిలబెట్టుకోని భవిష్యత్తును. జాతి, వర్గం మరిచి కుర్రాళ్లంతా ఒకచోట ఆడే రోజు వస్తుందన్న ఆశ రేవ్‌లో ఉండేది. అది రాలేదు. ‘అన్‌ట్రూ’లో చివరి పాట పేరు ‘రేవర్’ (రేవ్‌లకు వెళ్లే మనిషి) కావడం, అందులో సంబరం బదులు దిగులే ఎక్కువగా వినిపించడం ఈ వాదనకు బలమిస్తుంది.

గతం మీది బెంగ గురించి రాసిన పండితురాలు స్వెట్లానా బాయ్మ్ 2001లో చేసిన విభజన కూడా ఇక్కడ పనికొస్తుంది. పోయినదాన్ని మళ్లీ కట్టి నిలబెట్టాలనుకునే బెంగ ఒక రకం. తిరిగి రాదని తెలిసి, ఆ దూరాన్నే తడుముకునే బెంగ రెండో రకం. బరియల్‌ది రెండోది. ఆయన పాత గ్యారేజ్ పాటను ఉన్నదున్నట్టు మళ్లీ తయారు చేయడు.

శబ్దంలో జ్ఞాపకం ఎలా తయారవుతుంది

ఇక్కడే ఆయన పనితనం కనబడుతుంది. మొదటిది, చిటపట. వినైల్ రికార్డు మీద సూది తిరిగేటప్పుడు వచ్చే చప్పుడును స్టూడియోలు తీసేయడానికి తంటాలు పడతాయి. బరియల్ దాన్ని తెచ్చి పోస్తాడు, వాన చప్పుడుతో కలుపుతాడు. మొదటి ఆల్బమ్‌ను వరదలో మునిగిన దక్షిణ లండన్‌గా హైపర్‌డబ్ పరిచయం చేసింది. ఆ చిటపట పైరేట్ రేడియో గరగరో, కిటికీ బయట కురిసే వానో పోల్చుకోలేమని రాసింది. సీడీలో విన్నా, ఫోన్‌లో విన్నా ఆ చప్పుడు ఒకటే చెబుతుంది. వినేది ఏదో ఒకదానికి అరిగిన నకలు.

రెండోది గొంతులు. ఆర్‌అండ్‌బీ అనే అమెరికన్ పాప్ శైలి పాటల నుంచి, వాటిని యూట్యూబ్‌లో సరదాగా పాడినవాళ్ల నుంచి ఒకటి రెండు పదాలు తీసుకుని శ్రుతి పెంచి, దించి, అక్షరాలను కోసి అతుకుతాడు. ‘అన్‌ట్రూ’లోని ‘ఆర్కేంజెల్’లో వినిపించేది 2005లో అమెరికన్ గాయకుడు రే జే పాడిన ఒక పాటలోని గొంతు. శ్రుతి మార్చాక అది మగవాడిదో ఆడమనిషిదో, ఏ వయసుదో చెప్పలేం. పూర్తి వాక్యం ఎక్కడా దొరకదు. ప్రేమ, ఒంటరితనం, పట్టుకో, నిన్ను అన్నంత మేరకే అందుతాయి. పాత పాట గుర్తొచ్చినప్పుడు పల్లవి మొత్తం రాకుండా ఒక ముక్క మాత్రమే నోట్లో ఆడే తీరు ఇదే. పేరు లేని రికార్డులో పాడే గొంతులకు కూడా పేర్లు ఊడిపోయాయి.

మూడోది డ్రమ్స్. మామూలుగా డాన్స్ సంగీతాన్ని సీక్వెన్సర్ సాఫ్ట్‌వేర్‌లో చేస్తారు. అది ప్రతి దెబ్బనూ కొలిచిన గడిలోకి లాగి కూర్చోబెడుతుంది. బరియల్ తన తొలి రికార్డులను సౌండ్ ఫోర్జ్ అనే ఆడియో ఎడిటర్‌లో చేశానని చెప్పారు. అందులో గడులుండవు. శబ్దం తెరమీద అలలా కనిపిస్తుంది, దెబ్బలను కంటితో చూసి పక్కపక్కన పేర్చుకోవాలి. డ్రమ్స్ బాగా కుదిరితే తెరమీద చేప ముల్లులా కనబడతాయని ఆయన అన్నారు. పాటను చెవి కన్నా ముందు కన్ను సరిచూస్తోందన్నమాట. అందుకే ఆ దెబ్బలు వెంట్రుకవాసి ముందో వెనకో పడి, గడియారంలా కాక నడకలా వినిపిస్తాయి. టూ-స్టెప్‌లో మొదటి నుంచీ నాలుగు మాత్రల మీదా బాస్ డ్రమ్ పడదు, రెండూ నాలుగూ ఖాళీగా వదిలేస్తారు. ఆ ఖాళీల్లో బరియల్ లైటర్ వెలిగించిన చప్పుడు, తాళంచెవుల గలగల, ‘మెటల్ గేర్ సాలిడ్ 2’ వీడియో గేమ్‌లో తూటా గొట్టాలు నేలరాలే చప్పుడు నింపాడు.

నాలుగోది చోటు. ఆయన పాటల పేర్లలో నైట్ బస్ ఉంది, మెక్‌డొనాల్డ్స్ ఉంది. పార్టీ కాదు, పార్టీ అయ్యాక ఇల్లు చేరే దారి. ‘ఇన్ మెక్‌డొనాల్డ్స్’ రెండు నిమిషాల పాట. డ్రమ్స్ లేవు. రాత్రంతా తిరిగి, పొద్దుపోయాక వెలుతురున్న చోట కూర్చుని ఎదుటి మనిషిని చూసే క్షణం అంత నిడివే ఉంటుంది.

ముఖం లేకపోవడం చేసే పని

డాన్స్ సంగీతంలో అజ్ఞాతం కొత్త కాదు. పేరు అచ్చువేయని వైట్ లేబుల్ రికార్డులు డీజేల చేతుల్లో తిరిగేవి, శబ్దమే గుర్తింపు. అమెరికా నగరం డెట్రాయిట్‌లో అండర్‌గ్రౌండ్ రెసిస్టెన్స్ బృందం ముఖాలు కప్పుకుని, సంగీత పరిశ్రమ తయారుచేసే తారల పద్ధతి మీదే నిరసన ప్రకటించింది. ఫ్రెంచి ద్వయం డాఫ్ట్ పంక్ హెల్మెట్లు, 2015లో మొదలైన డీజే మార్ష్‌మెల్లో తలకు తొడుక్కునే తెల్ల డబ్బా వేరే దారి. అక్కడ ముఖం దాగింది గానీ ముసుగే బ్రాండ్ అయింది. టీషర్టు మీదికి, వేదిక మీదికి అది ముఖం కన్నా తేలిగ్గా ఎక్కుతుంది.

బరియల్ దగ్గర ముసుగు కూడా లేదు, అక్కడ ఎవరూ నిలబడలేదు. దాని ఫలితం శ్రోత మీద పడుతుంది. జ్ఞాపకాల పాటకు ముఖం ఉంటే అది ఆ మనిషి కథ అవుతుంది, వినేవాడు సాక్షి అవుతాడు. ముఖం లేనప్పుడు ఆ కుర్చీ ఖాళీ. వినేవాళ్లు తమ ఊరి ఆఖరి బస్సునీ, తమకు దూరమైన స్నేహితుణ్నీ అందులో కూర్చోబెట్టుకుంటారు. లండన్ చూడని వాళ్లకు కూడా ఈ సంగీతం సొంతమనిపించడానికి ఇదే ప్రధాన కారణం. ఇక ఏఐ బ్యాండ్లతో పోలిక ఇక్కడే తెగిపోతుంది. వెల్వెట్ సన్‌డౌన్ లేని మనుషులకు పేర్లు, ముఖాలు, జీవిత కథలు కల్పించింది. బరియల్ ఏమీ కల్పించలేదు. ముఖం దాచుకున్నాడు గానీ, ‘నేను అక్కడ లేను’ అన్న నిజాన్ని దాచలేదు.

ఇదే దారిలో మరికొందరు

స్కాట్లండ్‌కు చెందిన బోర్డ్స్ ఆఫ్ కెనడా ద్వయం 1998 నాటి తొలి పెద్ద ఆల్బమ్‌లో బాల్యపు టీవీ విద్యా కార్యక్రమాల రంగును, సాగిన టేపు శబ్దాన్ని పట్టుకుంది. అందులోని ఇద్దరూ అన్నదమ్ములన్న సంగతి 2005 దాకా బయటపెట్టలేదు. కేర్‌టేకర్ పేరుతో లేలండ్ కర్బీ 2016 నుంచి 2019 వరకు ఆరు విడతలుగా, ఆరు గంటలకు పైగా సాగే సిరీస్ చేశాడు. పాత బాల్‌రూమ్ గ్రామఫోన్ రికార్డులు విడత విడతకూ చెదిరిపోతూ మతిమరుపు జబ్బు దశలను వినిపిస్తాయి. 2020లో టిక్‌టాక్‌లో కుర్రాళ్లు దాన్ని మొత్తం వినగలరా అన్న పందెంగా మార్చారు. 2011లో మకింటోష్ ప్లస్ పేరుతో వచ్చిన వేపర్‌వేవ్ ఆల్బమ్ 1980ల వాణిజ్య పాటలను నెమ్మదింపజేసి షాపింగ్ మాల్ కలలా మార్చింది.

వీటిలో బరియల్ ప్రత్యేకత ఏమిటంటే ఆయన తలుచుకునేది ఒంటరి మనసును కాదు, గుంపును. పదిమంది కలిసి గడిపిన రాత్రి ఆయన వస్తువు. అందుకే ఆ వెలితి సామాజికంగా కూడా తగులుతుంది.

తర్వాతి రికార్డులు ఎటు వెళ్లాయి

2013 డిసెంబరులో వచ్చిన ‘రైవల్ డీలర్’ ఈ వరసలో మలుపు. తోటివారి వేధింపులకు గురయ్యే పిల్లలకు ధైర్యం చెప్పడానికే ఈ పాటలు చేశానని ఆయన బీబీసీ ప్రెజెంటర్ మేరీ ఆన్ హాబ్స్‌కు సందేశం పంపారు. చివరి పాటలో సినీ దర్శకురాలు లానా వచావ్‌స్కీ ప్రసంగంలోని మాటలు వినిపిస్తాయి. అప్పటిదాకా పొగమంచులో దాగిన భావం ఇక్కడ నేరుగా మాట్లాడింది. కొందరు విమర్శకులకు అది మరీ తీపిగా అనిపించింది. కానీ యవ్వనం అంటే తలుచుకోవడానికి అందంగా ఉండే వయసే కాదు, కొందరికి ప్రాణం మీదికి వచ్చే వయసు కూడా. ఆ సంగతి చెప్పినందుకే ఈ రికార్డు మిగతావాటి కన్నా పెద్దదైంది.

2022 జనవరిలో ‘యాంటీడాన్’ వచ్చింది. నలభై నిమిషాలకు పైగా ఉన్నా డ్రమ్స్ దాదాపు లేవు, వాన, దగ్గు, చర్చి ఆర్గన్ లాంటి స్వరాలు మాత్రమే. రెండేళ్లకు ఎక్స్‌ఎల్ రికార్డింగ్స్ నుంచి వచ్చిన ‘డ్రీమ్‌ఫియర్’లో పాత రేవ్ డ్రమ్స్ ఒక్కసారిగా ఉరికొచ్చాయి. 2025లో విడుదలైన పాటల్లో ఒకదాని పేరు ‘ఇమాజినరీ ఫెస్టివల్’, అంటే ఊహల్లోని ఉత్సవం.

నెమ్మదించిన తెలుగు పాటలు

ఈ పద్ధతుల ప్రభావం ఇప్పుడు ఎవరి ఫోన్‌లోనైనా కనబడుతుంది, దారి మాత్రం వేరు. 1990లలో అమెరికాలోని హ్యూస్టన్‌లో డీజే స్క్రూ ర్యాప్ టేపులను నెమ్మదింపజేశాడు. 2017 ప్రాంతంలో అదే ఊళ్లో దానికి గుహలాంటి ప్రతిధ్వని చేర్చి ‘స్లోడ్ ప్లస్ రివర్బ్’ చేశారు. ఆ తీరు యూట్యూబ్ ద్వారా తెలుగు పాటలకూ వచ్చింది. ఇళయరాజా బాణీలు, 2000ల నాటి ప్రేమ పాటలు పేరు తెలియని ఖాతాల నుంచి ఈ రూపంలో వస్తున్నాయి. ఆ పాటలు విడుదలైనప్పటికి పుట్టని వాళ్లు కూడా వాటిని వింటున్నారు. ఇక్కడా విన్న జ్ఞాపకమే పనిచేస్తోంది.

తేడా చిన్నది కాదు. వేగం 15 శాతం తగ్గిస్తే, శ్రుతి సరిచేయని పక్షంలో, దాదాపు మూడు స్వరస్థానాలు దిగుతుంది. ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం గొంతు బరువెక్కి మరొకరిదిలా వినిపిస్తుంది. అయినా పల్లవి, చరణాలు వరస తప్పకుండా ఉంటాయి. పాట పాటగానే ఉంది, దాని మీద మసక కప్పారంతే. బరియల్ మాత్రం పాటను విరిచి, ముక్కలతో ఇంకో పాట కడతాడు. ఒకచోట అజ్ఞాతి కొత్త రచన చేశాడు, మరోచోట అజ్ఞాత ఖాతా పాత రచనకు రంగు మార్చింది.

డబ్బు, హక్కుల దగ్గర ఈ తేడా గట్టిగా తగులుతుంది. 2012లో సవరించిన భారత కాపీరైట్ చట్టం ప్రకారం సినిమా పాటల గీత రచయితకు, స్వరకర్తకు రాయల్టీలో వాటా హక్కు ఉంది. దాన్ని నిర్మాతకు శాశ్వతంగా రాసిచ్చేయడం కుదరదు. అదే చట్టంలోని 57వ సెక్షన్, రచనను పేరుకు భంగం కలిగేలా వికృతం చేస్తే అభ్యంతరం చెప్పే హక్కు రచయితకు ఇస్తోంది. నెమ్మదింపజేసిన పాట ఆ పరిధిలోకి వస్తుందా అన్నది ఒక్కో పాటను బట్టి తేలాల్సిన వాదన. అంతకన్నా ముందు జరగాల్సింది ఒకటుంది. అలాంటి ఖాతాల్లో చాలాచోట్ల పాట రాసిందెవరో, బాణీ కట్టిందెవరో కనిపించదు. ఎక్కించేవాళ్లు తమ పేరు దాచుకోవచ్చు, అది వాళ్ల ఇష్టం. పాట రాసినవాళ్ల పేరు దాచే హక్కు మాత్రం వాళ్లకు లేదు.